టీచరమ్మ తిప్పని పేజీ

జమ్మలమడుగు బడిలో మా డ్రాయింగు టీచరమ్మ దగ్గర, సొంత దేశాలు వదిలి పారిస్ చేరిన చిత్రకారుల బొమ్మల పుస్తకం ఉండేది. ఏ బొమ్మ చూపినా "తొందరేం లేదు, ఇంకోసారి సూడండి" అనేది. ఆ మాట ఇప్పటికీ నా చెవుల్లో ఉంది.

ఎన్నికల ముందు ఒక మధ్యాహ్నం బజారులో బాంబులు పడ్డాయి. ఆమె తలుపులేసి, రెండు పార్టీల పిల్లలనూ ఆ పుస్తకం చుట్టూ కూర్చోబెట్టింది. సాయంత్రం మా కోసం వచ్చిన రెండు వర్గాల తండ్రులు గుమ్మంలో ఎదురుపడి ఆగిపోయారు.

"కూసోండప్పా, పిల్లోల్లు బొమ్మ సూసేది ఇంగా అయిపోలా," అంది టీచరమ్మ.

వాళ్లు చెరో పక్క బెంచీల మీద కూర్చున్నారు. పేజీలో ఒక ఆడమనిషి ముఖం ముక్కలు ముక్కలుగా ఉంది. కాసేపటికి మా నాయన, "ఈమెకు ముక్కు యాడుందమ్మా?" అన్నాడు.

అవతలి పార్టీ ఆయన ముందుకు వంగి, "ఈడుంది సూడప్పా," అని వేలు పెట్టి చూపించాడు.

టీచరమ్మ పేజీ తిప్పకుండా అట్లే పట్టుకుంది.