డోన్ డేరాలో జపాన్ తల్లి

పోయిన మంగళవారం మా మంత్రసాని అవ్వ కన్నుమూసింది. డోన్‌లో సగం ఊరు ఆమె చేతుల మీదుగా పుట్టిందే. నాకు మాత్రం ఆమె పేరు వింటే పురుళ్ల కన్నా ముందు ఒక సినిమా గుర్తొస్తుంది. గుర్తొస్తే ఇప్పటికీ ఒళ్లు పులకరిస్తుంది.

ఆ సినిమా వచ్చినప్పుడు నా కూతురు మూడు నెలల పసిగుడ్డు. తండ్రెవరో నేను చెప్పలేదు, ఇప్పుడూ చెప్పను. వీధిలో ఆడవాళ్లు నాచేత రవికలు కుట్టించుకునేవారు గానీ, నా బిడ్డను ముట్టుకునేవారు కాదు. అవ్వ ఒక్కతే పొద్దున్నే వచ్చి, వక్కాకు నములుతూ, నన్ను తిడుతూ బిడ్డకు నీళ్లు పోసేది. "తల దించాకు పాపా, పాలు తగ్గుతాయి" అనేది.

ఊళ్లో డేరా సినిమా పడగానే నన్ను లాక్కుపోయింది. మేం కూర్చోగానే అటూ ఇటూ చాపలు దూరం జరిగాయి. భక్తి సినిమా అన్నారా, తీరా చూస్తే రైల్లో రీళ్ల పెట్టెలు తారుమారై జపాన్ మూకీ వచ్చింది! మాట లేదు, తెర మీద అక్షరం ఎవరికీ తెలియదు. జనం ఒకటే గోల. అవ్వ లేచి నిలబడింది.

"మూగబొమ్మకు నోరు నేనుండా, కూకోండి."

ఎంత బాగా చెప్పిందనుకున్నారు! సారాయి అంగడిలో పని చేసి కొడుకును సాకే తల్లి కథ. డబ్బాల మీద జపాన్ అంకెలు తెలియక ఆపరేటరు రీళ్లను చివరి నుంచి మొదటికి వేశాడు. పెద్దవాడైన కొడుకు తల్లిని చూసి ముఖం తిప్పుకోవడం మొదట వచ్చింది, ఇరుగుపొరుగు తలుపులు వేసుకోవడం ఆ తర్వాత. అవ్వ తడుముకోకుండా కథను వెనక్కి నడిపించింది. ఆ తల్లి చేసిన తప్పేమిటని ఎవరో అడిగారు.

"పురుడు పోసేటోళ్లకు తప్పు కనపడదమ్మా, బిడ్డ కనపడతాది" అంది అవ్వ.

అంతలో తెర మీద ఆ కొడుకు పుట్టాడు. డేరా అంతా ఈలలు! ఆ సందడికి నా కూతురు లేచి ఏడ్చింది. అవ్వ దాన్ని నా ఒళ్లోంచి తీసి, నాలుగడుగులు నడిచి, మా ఎదురింటి కోడలి ఒళ్లో పెట్టేసింది. తాను కథ చెప్పాలి కదా, కాసేపు పట్టుకోమంది. ఆమె బిత్తరపోయి, తర్వాత మెల్లగా కొంగు కప్పింది. ఏడుపు ఆగింది. పక్కావిడ చేతులు చాపింది, ఆ పక్కావిడ కూడా.

నేనిక తెర చూడలేదు. మూడు నెలల్లో మొదటిసారి ఖాళీ అయిన రెండు చేతులను ఏం చేసుకోవాలో తెలియక, ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాను.