మొదటి తెర మీద పేరు

అమెరికాలోని డులూత్‌లో బావి నీళ్లు పరీక్షించే ల్యాబులో గ్లెండా సొర్వారి ఇరవై ఆరేళ్లు పనిచేసింది. ఫలితాలు బయటివాళ్ల కంటబడకుండా తాళం వేసి కౌంటీ ఆఫీసుకు పంపే ప్రోగ్రాము మొత్తం ఆవిడే రాసింది. మేనేజరుగా వచ్చిన టాడ్ బ్రెక్కీ, నిండా నలభై లేనివాడు, పాతసరుకని ఆవిణ్ని సాగనంపాడు. అంతటితో ఊరుకున్నాడా? ప్రోగ్రాము తెరవగానే కనబడే ఆవిడ పేరు చెరిపేసి తన పేరు పెట్టుకున్నాడు. ఉద్యోగం పోయినందుకు గ్లెండా ఏడవలేదు. పేరు పోయిందని తెలిసిన రోజు మాత్రం కడుపు రగిలిపోయింది. ఆ పేరు వాడి చేతే మళ్లీ రాయించాలని పంతం పట్టింది.

రెండేళ్లకు ల్యాబులో కంప్యూటర్లు మార్చారు. ప్రోగ్రాము తెరుచుకోలేదు. తాళం వేసే లైబ్రరీ ఫైలు దొరకడం లేదని మొండికేసింది. మూడు రోజులు కుస్తీపట్టి, చివరికి టాడ్ గ్లెండాకు ఫోన్ చేశాడు. ఎన్నడూ లేనిది మేడమ్ అన్నాడు. ఏం చేశావని అడిగితే, ఫైలు పేరు చివర ముప్పై రెండు ఉంది గనక, ముప్పై రెండని రాసి ఉన్న విండోస్ ఫోల్డరులోనే పెట్టానన్నాడు. గ్లెండాకు నవ్వాగలేదు. కొత్త కంప్యూటర్లలో ఆ బోర్డున్న ఇంట్లో అరవై నాలుగు బిట్ల కొత్త ఫైళ్లు కాపురముంటాయి. ముప్పై రెండు బిట్ల పాతవాటికి అక్కడ చోటు లేదు. ఈ తిరకాసు తెలియక బోల్తాపడనివాడు లేడు.

ఆ ముక్క ఫోన్లో చెప్తే నిమిషంలో పనైపోయేది. చెప్పలేదు. మర్నాడు పదింటికి వస్తానని, ల్యాబులో అందరినీ పిలిచి ఉంచమని అంది.

ఎనిమిదిమంది నిలబడి చూస్తుండగా టాడ్‌ను కీబోర్డు ముందు కూర్చోబెట్టింది. తను కోటు కూడా విప్పలేదు. ఆ ఫైలు తీసుకొచ్చి ప్రోగ్రాము పక్కనే, అదే ఫోల్డరులో పెట్టమంది. పెట్టాడు. తెర వెలిగింది. నడిమధ్య టాడ్ బ్రెక్కీ అన్న పేరు.

"ఇది రాసింది నువ్వేనా? మరి మూడు రోజులు నీ ఫైలు నీకే దొరకలేదేం?"

ఎవరో కిసుక్కుమన్నారు. టాడ్ చెవులు ఎర్రబడ్డాయి.

"మార్చేస్తాను మేడమ్, తర్వాత..."

"ఇప్పుడే. ఒక్కో అక్షరం పైకి చదువుతూ కొట్టు."

కొట్టాడు. గ్లెండా సొర్వారి. రెండేళ్ల మంట చల్లారింది గానీ, ఆవిడకు జాలి మాత్రం పుట్టలేదు. టాడ్ లేచి నిలబడి, ఇది మళ్లీ మొరాయిస్తే తన గతేమిటని, వారానికి రెండు రోజులైనా రమ్మని బతిమాలాడు.

"మొరాయిస్తుంది," అంది గ్లెండా గ్లవ్స్ తొడుక్కుంటూ. "ఎవరిని అడగాలో తెర మీద ఉంది. నీ దగ్గరున్న నా నంబరు మాత్రం రేపట్నించి పనిచేయదు. కొత్తది నీకు దొరకదు."