సింహాచలం మావయ్య అడుగుకు తాళం

మొన్న సిప్పీఘాట్‌లో ఒక పెళ్లి వీడియో తీయడానికి వెళ్లాను. క్లారినెట్ వాయించే అతను పందిరి పక్కన నిలబడి, నోటిదగ్గరి రీడును పెదాలతో తడిపి, పొట్టిగా ఒక్క స్వరం ఊదాడు. ఊరేగింపు ఇంకా మొదలే కాలేదు. ఆ స్వరంతో నేను మాత్రం ఏళ్ల వెనక్కి, హోప్ టౌన్‌లో, మా పక్కింటి సింహాచలం మావయ్య గుమ్మం ముందుకు వెళ్లిపోయాను.

మావయ్య వాళ్ల నాన్న శ్రీకాకుళం తీరం నుంచి వలలతో సహా ఓడెక్కి ఈ దీవులకు వచ్చినవాడు. కొడుక్కి మాత్రం చేపల కన్నా క్లారినెట్ మీద మోజు. రంగత్ దాకా మా తెలుగువాళ్ల పెళ్లిళ్లలో ఆయనే ఊదేవాడు. యాభై దాటాక కుడిచెయ్యి వణకడం మొదలైంది, తర్వాత అడుగులు చిన్నవయ్యాయి. డాక్టరు ఆ జబ్బును పార్కిన్సన్స్ అన్నాడు. ఊళ్లో కొందరు తాగుడన్నారు. ఆయన ఏనాడూ చుక్క ముట్టినవాడు కాదు. అయినా బ్యాండువాళ్లు పిలవడం మానేశారు.

అప్పట్లో నేను బట్టలు కుట్టేదాన్ని. ఒక మధ్యాహ్నం ఆయన వీడియో కెమెరా చంకలో పెట్టుకొని వచ్చి నా మిషను పక్కన కూర్చున్నాడు. ఓడలో పనిచేసే అల్లుడు తెచ్చాడట. మావయ్య రోజూ తనను ఫిల్ము తీయమన్నాడు. డాక్టరు ముందు తన కాళ్లు ఇన్‌స్పెక్షన్ రోజున బడిపిల్లల్లా బుద్ధిగా ఉంటున్నాయని, వాటి అసలు గుణం ఆయనకు చూపించాలని చెప్పాడు. కెమెరా ముట్టుకోవడమే ఎరగనని నేను జంకాను.

"మనిషిని సూసి జాకెట్టు కొలత సెప్పేత్తావు. ఒంటిని సూసే కన్ను నీది, పైడమ్మా. బటన్ నొక్కడం నాను నేర్పుతాను," అన్నాడు.

అలా మొదలైంది. చొక్కా గుండీలు పెట్టుకోవడం, టీ తాగడం, క్లారినెట్ ఊదడం, అన్నీ తీశాను. రేడియోలో చెప్పినట్టు "ఆజ్ కా ప్రోగ్రామ్, పాంచ్ బటన్" అని ప్రకటించి ఐదు గుండీలతో కుస్తీ పట్టేవాడు. నవ్వాపుకోలేక నేను పెదవి కొరుక్కునేదాన్ని.

ఒకరోజు గుమ్మం దాటబోతూ ఆగిపోయాడు. పాదాలు నేలకు అతుక్కుపోయాయి. నేను కెమెరా దించి చెయ్యి అందించబోయాను.

"దించకు. ఇరుక్కోడం నాకు తెలుసు. ఎలా బైటపడతన్నానో అది తెల్దు. అది తియ్యి," అన్నాడు.

కళ్లు మసకబారుతున్నా తీశాను. కాసేపటికి ఉన్నట్టుండి కాలు కదిలింది. ఆ వారంలో అలా మరో మూడుసార్లు ఇరుక్కున్నాడు, అవీ తీశాను.

ఆ ఆదివారం ముగ్గురం కూర్చుని క్యాసెట్లన్నీ చూశాం. ఆయన భార్య గౌరమ్మ అత్తయ్య ఒకచోట వెనక్కి తిప్పమంది. మళ్లీ తిప్పమంది. కాలు కదిలిన ప్రతిసారీ, దానికి ముందు వంటింట్లోంచి ఆమె రోట్లో మసాలా దంచుతున్న చప్పుడు వినబడుతోంది. ఆమె లేచి, ఆయన్ను గుమ్మంలో నిలబెట్టి, వెళ్లి ఖాళీ రోట్లో రోకలి వేసింది. ఆయన గుమ్మం దాటాడు. వెనక్కి తిరిగి మళ్లీ దాటాడు. చిన్నపిల్లాడిలా అటూ ఇటూ దాటుతూనే ఉన్నాడు. అత్తయ్య నవ్వుతూ, కళ్లు తుడుచుకుంటూ రోకలి ఆపలేదు.

"ఇన్నేళ్లు నువ్వు వాయిత్తే జనం నడిసినారు," అంది. "ఇప్పుడు నాను వాయిత్తాను, నువ్వు నడు."

డాక్టరు దగ్గరికి వెళ్లేరోజు జెట్టీలో, ఫెర్రీ ఎక్కే పలక దగ్గర మావయ్య మళ్లీ ఆగిపోయాడు. వెనక జనం గొణిగారు. పడవవాడు "జల్దీ కరో చాచా" అని తొందరపెట్టాడు. అత్తయ్య టిఫిన్ డబ్బా మీద గరిటెతో తాళం వేసింది. ముందు పిల్లలు చప్పట్లు కలిపారు, తర్వాత పెద్దలు, చివరికి పడవవాడు కూడా రెయిలింగు మీద అరచేత్తో కొట్టాడు. మావయ్య ఛాతీ విరుచుకొని పెళ్లికొడుకులా పడవెక్కాడు. డాక్టరు మేం పట్టుకెళ్లిన క్యాసెట్టు రెండుసార్లు వేయించుకొని చూశాడు.

తర్వాత కెమెరాను ఊరి హాల్లో టీవీకి తగిలించి దాన్ని అందరికీ చూపించాం. గుండీల కుస్తీకి పగలబడి నవ్వినవాళ్లు ఆయన గుమ్మంలో ఇరుక్కోవడం చూసి ముందుకు వంగారు. తాగుబోతని మొదట అన్న మనిషి మర్నాడు పెద్ద సుర్మాయి చేప తెచ్చి అత్తయ్య చేతిలో పెట్టి, తల వంచుకొని వెళ్లాడు. బ్యాండువాళ్లు మళ్లీ పిలిచారు. పొడుగు స్వరాలు పలకకపోయినా, డోలు దెబ్బకు అడుగేస్తూ ముందు వరసలో నడిచాడు.

ఆ తర్వాత తొమ్మిదేళ్లు బతికాడు. ఆయన్ను తీస్తూ తీస్తూనే నేను పెళ్లిళ్ల వీడియోలు తీసే మనిషినయ్యాను. చివరి ఏడాది ఒక ఉదయం కెమెరా ఇటివ్వమన్నాడు. ఇన్నాళ్లు నన్నే తీశావు, నీ బొమ్మ ఒక్కటీ లేదన్నాడు. రెండు చేతులతో పట్టుకొని నన్ను తీశాడు.

ఆయన పోయాక ఆ క్యాసెట్టు వేసుకున్నాను. తెర మీద నేను, వెనక గోడ, దాని వెనక సముద్రం, అన్నీ ఊగిపోతున్నాయి. కెమెరా వెనక నుంచి ఆయన గొంతు:

"సూడు పైడమ్మా, నాను బాగానే ఉన్నాను. నువ్వే వణికిపోతన్నావు."

తెర మీద నేను దానికి పడీపడీ నవ్వుతున్నాను. అంతగా నేను మరెప్పుడూ నవ్వలేదు. కెమెరా భుజాన వేసుకొని ఏ పెళ్లికి వెళ్లినా, ఆ నవ్వు నాతోనే వస్తుంది.