తలాసి నూరిన విత్తనం

పిండి మెత్తగా రావాలంటే తలాసి చెయ్యి పడాలని మా ఊళ్లో ఇప్పుడు అందరూ అంటారు. ఆ చెయ్యి ఒకప్పుడు ఏం చేసిందో అనేవాళ్లకి తెలియదు. తెలిసినవాళ్లం నలుగురం ఉండేవాళ్లం, ఇద్దరు పోయారు. మిగిలింది తలాసీ నేనూ. తనంతట తను చెప్పదు. నాకేమో చెప్పకపోతే తిండి సహించదు. అడిగితే, "చెప్పుకో పెద్దత్తా, నీ తప్పు దాచకుండా చెప్పు, అంతే" అంది. దాచే అలవాటు నాకెప్పుడూ లేదు.

తలాసి మా తమ్ముడి కొడుకు కువాన్‌ని చేసుకుంది. పొగాకు వంశం పిల్ల, కింది వీధి. పొట్టిది, మాట తక్కువ, పట్టుదల ఎక్కువ. ఆ చలికాలం తన సన్నికల్లు పొత్రం వీపున కట్టుకుని మా తమ్ముడి ఇంటికి నూరడానికి వచ్చింది. తమ్ముడి ఇల్లంటే వాడిది కాదు లెండి, వాడి పెళ్లాం పోలిమనది. మా హోపీ తెగలో ఇల్లు ఆడదానిది, పొలం ఆడదానిది, విత్తనం ఆడదానిది. మగాడు దున్ని, నాటి, పండించి తెచ్చి గుమ్మంలో పోస్తాడు. అక్కణ్ణుంచి ఆ మొక్కజొన్న పొత్తుల మీద వాడికి మాటుండదు.

పెళ్లికూతురు మూడు పగళ్లు నూరాలి. గది కిటికీకి దుప్పటి కడతారు, ఎండ తగలకూడదు. నాలుగో రోజు పొద్దు పొడవకముందే పిల్ల తలా పిల్లాడి తలా ఒకే తొట్టిలో కలిపి కడుగుతారు. ఆ జుట్టు ముడిపడితే పెళ్లయినట్టు. దానికి ముందైతే ఏదో ఒక వంక పెట్టి పిల్లని ఇంటికి పంపెయ్యొచ్చు. అలా పంపిన ఇళ్లు నాకు తెలుసు.

మూడో రోజు మేనత్తలం వెళ్లి గొడవ చెయ్యడం రివాజు. మా మేనల్లుణ్ణి ఎవతో ఎగరేసుకుపోతుంటే ఊరుకుంటామా? మంచు కరిగి వీధంతా బురద. ముగ్గురం కుండలనిండా ఎత్తుకుని పోలిమన గుమ్మం మీద పడ్డాం. ముందు మా తమ్ముడికి మొహాన పూశాను. వాడు నవ్వుతూ నోరు తెరిచాడు, నోట్లో కూడా పూశాను.

"ఏమే పోలిమనా! మా వాడికి ఈ గుడ్లగూబ మొహందే దొరికిందా? వాడు పుట్టినరోజే నా మొగుడని చెప్పాను గదే!"

"తీసుకుపో వదినా, ఇప్పుడే తీసుకుపో! నీ గురకకి రెండ్రోజుల్లో పారిపోయి వస్తాడు!" అంటూ పోలిమన నా నెత్తిన కుండ బోర్లించింది.

"దీని పీకి రొట్టె రేకులు చెప్పు అట్టల్లా ఉంటాయటగా! వాడికి పళ్లూడిపోతే నువ్వు నమిలి పెడతావా?"

ఇంతలో లోపల రాయి చప్పుడు ఆగింది. అందరికన్నా ముందు నాకే వినపడింది. అలాంటివి నా చెవి వదలదు.

"విన్నారా! రాయి ఆగింది! బుట్టెడు గింజలకే పడక వేసింది సోమరిపోతు! మేలుకో అమ్మాయ్, మా వాడు ముసలాడయ్యేలోపు ఒక్క రేకన్నా పెడతావా లేదా?"

వీధంతా గొల్లున నవ్వింది. కాసేపటికి రాయి చప్పుడు మళ్లీ మొదలైంది. ఇంతకు ముందుకన్నా జోరుగా, ఆగకుండా. నాకు గర్వంగా అనిపించింది కూడా. నా మాటకి పిల్ల కదిలింది అనుకున్నాను.

పొద్దు వాలేవేళకి పోలిమన కబురు పెట్టింది. బురద కడుక్కుని వెళ్లాను. నూరే గదిలో నిలబడి ఉంది. ఆమె ముందు మూడు పళ్లేల నీలిపిండి. పొగలా ఉంది, అంత మెత్తన.

"ఎంత నూరిందే! నేను తిట్టింది పనిచేసింది చూశావా?" అన్నాను.

"నేనిచ్చింది ఒక్క పళ్లేనికే వదినా."

"మరి ఇవి?"

పోలిమన సన్నికల్లు వెనక మూల చూపించింది. గోడకి ఆనించి ఒక దుప్పటి గుడ్డ, ఖాళీగా పరిచి ఉంది.

"కొట్టుగది కప్పు కారుతుంటే విత్తనం పొత్తులు మూటకట్టి తెచ్చి ఇక్కడ పెట్టాను. పొడి గది గదా అని. ఎవరికీ చెప్పలేదు. ఎందుకు చెప్పాలి, ఎవరు ముట్టుకుంటారు?"

 ఆ ఇంటి నీలి గింజ అంటే సంతలో దొరికేది కాదు. మోచేతి లోతున నాటినా ఇసుకని చీల్చుకుని పైకొస్తుంది. పైన తడి ఉండదు గదా మాకు, కిందే. దొరల దుకాణంలో గింజ జానెడు లోతుకే ఊపిరాడక చస్తుంది, చూశాం. రెండేళ్లుగా వాన మొహం చాటేసింది. గదినిండా దొంతులుగా ఉండాల్సిన పొత్తులు తినేశారు. మిగిలింది ఆ మూట. పోలిమన అమ్మ ఇచ్చింది, వాళ్లమ్మకి వాళ్లమ్మ ఇచ్చింది. విత్తనం లేని ఇల్లు వాళ్ల కుందేలు వంశంలో ఇంతవరకూ ఎప్పుడూ లేదు.

దుప్పటి పక్కన చీకట్లో తలాసి కూర్చుని ఉందని అప్పటిదాకా చూడలేదు. మోకాళ్ల మీద చేతులు, అరచేతులు పొక్కి రక్తం కారుతున్నాయి.

"గింజలు అయిపోయాయి అత్తమ్మా, మిమ్మల్ని పిలిచాను. బయట గోల, ఎవరికీ వినపడలేదు. పెద్దత్త ఆగిందీ ఆగిందీ అంటోంది. మూట కనపడింది. ఇవి కూడా నాకోసమే పెట్టారనుకుని గింజలు ఒలిచి నూరేశాను."

"విత్తనం పొత్తుకి పొట్టు ఒలిచి జడలా అల్లి ఉండదుటే? మీ ఇంట్లో అల్లరా?" అన్నాను. నా గొంతు నాకే గట్టిగా వినపడింది.

"మా ఇంట్లో తినేవి కూడా అల్లుతారు పెద్దత్తా."

వీధికో రివాజు. ఇంకేమంటాం?

పోలిమన నా వైపు చూసింది. తెల్లారితే తల కడగాలి. ఇప్పుడు నోరు విప్పితే పిల్ల ఇంటికి, పరువు వీధికి. వాళ్లన్న, అంటే కువాన్ మేనమామ, వంశానికి పెద్ద. అతను ఒక్కసారి కుదరదన్నాడంటే ఇంకెవరి మాటా నడవదు. గాలి వెచ్చబడగానే విత్తనం చూపించమని వస్తాడు. ప్రతి ఏడూ వస్తాడు.

"లేచి చేతులు కడుక్కో, పొద్దున్న తల నానాలి" అంది పోలిమన కోడలితో. అంతే.

తెల్లారి తలలు కడిగాం. వాళ్లిద్దరి జుట్టూ కలిపి పిడికిట పట్టి పోలిమనే ముడివేసింది. 

ఆ తర్వాత రోజులు భయంభయంగా గడిచాయి. మగాళ్లు ముందుగదిలో చేరి పెళ్లి దుప్పట్లు నేస్తున్నారు, అవి పూర్తయ్యేదాకా తలాసి అత్తారింట్లోనే ఉండాలి. మేనమామ కూడా వచ్చి కూర్చుని నేస్తాడు. అతను దారం అందుకోవడానికి వంగినా పోలిమన లేచి నూరే గది గుమ్మానికి అడ్డం నిలబడేది. తలాసి రోజుకి రెండుసార్లు ఆ ఖాళీ మూల ఊడ్చేది. నాలుగు గింజలు దొరికాయి. నాలుగే. నడుం పట్టీలో కట్టుకుంది.

ఒకే ఒక దారి ఉంది, అది ముగ్గురికీ తెలుసు, ఎవరూ అనరు. పోలిమన అక్క సియంసి. మా ఊరు రెండుగా చీలినప్పుడు, దొరల బడికి ఒప్పుకున్నవాళ్లు ఉండిపోయి ఒప్పుకోనివాళ్లు గెంటబడ్డప్పుడు, సియంసి మొగుడి వెంట పడమటి మెట్టకి పోయింది. పోతూ పోతూ ఇంట్లో సగం విత్తనం వీపున కట్టుకుపోయింది. వీధిలో అందరి ముందూ పోలిమన ఆమెను "దొంగ" అంది. ఆ మాటకి ఇరవై రెండేళ్లు.

చివరికి నేనే అన్నాను. "నోరు పారేసుకున్నదాన్ని నేను. నేనే పోతాను."

తలాసి ఆ నీలిపిండిలో కాస్త బూడిదనీళ్లు కలిపి పీకి కాల్చింది. పొక్కిన అరచేత్తోనే పిండి కాలే రాతి మీద పులిమింది, ఒక్క "అబ్బా" లేదు. అటు నుంచి ఇటు కనపడేంత పల్చటి రేకులు. మూటకట్టి గాడిద మీద పెట్టుకుని బయలుదేరాను.

సియంసి నన్ను చూసి లేవలేదు. "వచ్చావా? కూర్చో. తిను" అంది. అంతవరకు మర్యాద తప్పలేదు. నేనూ తెచ్చిన రేకులు ముందు పెట్టాను. ఒకటి తుంచి నోట్లో వేసుకుంది. నమలడం ఆపింది. మళ్లీ తుంచింది.

"ఇది మా అమ్మ గింజ."

"అవును."

"కరువు ఏడు. ఇంత పిండి కొట్టడానికి మా చెల్లి ఇంట్లో నీలి గింజ ఎక్కడిది? నాకు తెలీదా?" నా కళ్లలోకి చూసింది. "విత్తనం నూరారా?"

చెప్పాను. నా అరుపులతో సహా చెప్పాను. వింటూ వింటూ నవ్వడం మొదలుపెట్టి, కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వింది. ఆ నీళ్లు తుడుచుకోవడానికి చాలాసేపు పట్టింది.

"ఇస్తాను. నీకు కాదు, నువ్వు వేరే వంశం. ఆ పిల్లకీ కాదు. పోలిమనని రమ్మను. దొంగ గుమ్మానికి వచ్చి అడగమను."

ఆ మాట మోసుకొచ్చాను. పోలిమన విని, "రాళ్లు నాటుకుంటా" అంది.

"రాళ్లు మొలిస్తే నాక్కూడా నాలుగు పెట్టు" అన్నాను. 

దుప్పట్లు పూర్తయ్యాయి. తలాసి తెల్లటి దుప్పటి కప్పుకుని, రెండోది రెల్లు చాపలో చుట్టి చేతపట్టుకుని పుట్టింటికి వెళ్లే రోజు వచ్చింది. మేనమామ అరుగు మీద కూర్చుని గాలికి చెయ్యి చాపి చూశాడు. "వెచ్చబడింది పోలిమనా. ఇంకో నాలుగు రోజుల్లో విత్తనం చూద్దాం" అన్నాడు. 

తలాసి గుమ్మం దాటబోయి వెనక్కి తిరిగి గొంతు తగ్గించింది. "అత్తమ్మా, నేను ఇప్పుడే వెళ్లి మీ అన్నగారితో చెప్పేస్తాను. నా పేరే పోనివ్వండి. నన్ను పంపించేస్తే మీ తప్పుండదు."

"జుట్టు ముడేశాం గదే, ఎక్కడికి పంపుతాను?" అంది పోలిమన. దుప్పటి అంచు సరిచేసింది. చాలాసేపు సరిచేసింది. తర్వాత నాతో, "వదినా, గాడిద మేసిందా?" అంది.

మర్నాడు పొద్దున్నే ఇద్దరం వెళ్లాం. దారిపొడుగునా పోలిమన పెదాలు కదులుతూనే ఉన్నాయి. ఏం చెప్పాలో వల్లెవేసుకుంటోంది. గుమ్మంలోకి వెళ్లేసరికి అంతా మర్చిపోయింది.

"వచ్చావా? కూర్చో. తిను" అంది సియంసి.

పోలిమన కూర్చుంది. తినలేకపోయింది. "అక్కా, నువ్వు దొంగవి కాదు" అంది ఎలాగో.

"దొంగనే. అమ్మ నిద్రపోతుంటే ఎత్తుకొచ్చాను. ఎత్తుకురాకపోతే ఇవాళ నీకేం ఇచ్చేదాన్ని? తిను ముందు."

పదహారు పొత్తులు ఇచ్చింది, పొట్టు అల్లినవి. మేనమామ చూసి, "ఈ ఏడు బాగా దాచావు" అన్నాడు. పోలిమన తల కూడా ఊపలేదు.

నాటినాక మొదలైంది అసలు బెంగ. అది పడమటి మెట్ట మీద ఇరవై రెండేళ్లు వేరే మట్టిలో పండిన గింజ. అంత లోతు నుంచి లేచే సత్తువ ఇంకా ఉందో లేదో ఎవరికి తెలుసు? పది రోజులు. పన్నెండు. పక్క పొలంలో మొలకలు లేచాయి, వీళ్ల పొలంలో ఒట్టి ఇసుక, కాకులు. గాలి వచ్చి గుంటలన్నీ చదును చేసింది. తలాసి పుట్టింటి నుంచి రోజూ పొద్దున్నే నడిచి వెళ్లి చూసి వచ్చేది. ఎవరూ ఏమీ అడిగేవాళ్లు కాదు. ఆమె నడక చూస్తే తెలిసేది, లేవలేదని.

పదిహేనో రోజు నేనూ వెంట వెళ్లాను. ఒక గుంట పక్కన మోకాళ్ల మీద కూర్చుంది. వేళ్లతో ఇసుక తీసింది, కొంచెం కొంచెంగా, నిద్రపోయే బిడ్డ మీద దుప్పటి తీసినట్టు. మణికట్టు దాకా పోయింది. ఇంకా పోయింది. ఆగింది.

"పెద్దత్తా, చెయ్యి పెట్టు."

పెట్టాను. తడి ఇసుకలో సూదిమొనలా ఏదో తగిలింది. తెల్లగా, పైకి నిక్కి ఉంది. మోచేతి లోతు నుంచి సగం దారి వచ్చేసింది.

తలాసి ఇసుక మళ్లీ కప్పేసింది, అరచేత్తో నెమ్మదిగా అదిమింది. ఇంటికి వచ్చి నీళ్లడిగి తాగి, గోడవారన పడుకుని, పొద్దువాలేదాకా ఒళ్లు తెలియకుండా నిద్రపోయింది. పెళ్లయ్యాక ఆ పిల్ల అలా నిద్రపోవడం నేను అప్పుడే చూశాను.