కొడవలూరు పొలం గట్టు, చిట్టమూరు ఇసుక

ఉద్యోగ విరమణకు ముందటి ఏడాది, ఫిబ్రవరిలో, నన్ను నెల్లూరు సదస్సుకు స్థానిక బాధ్యురాలిగా వేశారు. పాత అణు స్థలాలను శుభ్రం చేసే వృత్తిలో ఉన్నవాళ్లు ఏటా కలిసి, ఒకరి పనిని ఒకరు తప్పుపట్టుకునే సమావేశమది. నేను రేడియేషన్ భద్రతాధికారిని. ఆ ఏడు తిట్లు తినే వంతు మాది.

చిట్టమూరు వైపు తీరంలో, సముద్రపు ఇసుక నుంచి థోరియం ఖనిజాన్ని వేరుచేసి నిల్వ ఉంచిన పాత షెడ్డు ఒకటి ఉండేది. దాన్ని కూల్చి, కలుషితమైన మట్టిని తవ్వి తరలించాం. అది పక్క పాలెం వాళ్లు నెత్తళ్లనే చిన్నచేపలను ఎండబెట్టుకునే చోటు. షెడ్డు భయంతో గూడూరు వ్యాపారులు వాళ్ల చేప కొనడం మానేశారు. సదస్సు పరిశీలకులు సరేనంటేనే స్థలం తిరిగి ఇస్తామని పైఅధికారులు చెప్పారు.

రెండోరోజు పరిశీలకుల పెద్ద మూర్తిగారు వేదికెక్కి, అక్కడ రేడియేషన్ ఇంకా ఎక్కువే ఉందని తేల్చేశారు. పాలెం తరఫున వచ్చిన పోలమ్మ నా పక్కనే కూర్చుని ఉంది.

“ఇంగ మా చేప ఎవురు కొంటారు మేడమ్?” అంది.

నాకు ఒళ్లు మండింది. స్థలం శుభ్రపడిందని చెప్పాలంటే, పని జరగని చోట సహజంగా ఉన్న రేడియేషన్‌తో పోల్చాలి. దాన్ని నేపథ్య కొలత అంటాం. ఆ కొలత ఎక్కడ తీశారని లేచి అడిగాను. బస చేసిన హోటలుకు దగ్గరని కొడవలూరులో, వరి పొలం గట్టున తీశారట. పొలం మట్టిలో కంటే మా తీరపు ఇసుకలో, రేడియేషన్ ఇచ్చే థోరియం పుట్టుకతోనే ఎక్కువ. అది ఉందనే కదా అక్కడ షెడ్డు కట్టింది!

భోజనాలు వాయిదా వేయించి అందరినీ బస్సెక్కించాను. శుభ్రం చేసినవాళ్ల మీటరు మా వృత్తిలో చెల్లదు. అందుకని మూర్తిగారి మీటరును ఆయన చేతే పట్టించాను. షెడ్డుకు దూరంగా, ఎవరూ తవ్వని ఒడ్డును ఆయనే ఎంచుకున్నారు. అక్కడ ముల్లు ఎక్కడ ఆగిందో, మా స్థలంలో అంతకంటే కాస్త కిందే ఆగింది. రెండూ భద్రతా పరిమితికి లోపలే.

“ఆడికంటే ఈడే తక్కువని మీ మిషనే చెప్పింది. ఇంగేంది సార్?” అంది పోలమ్మ.

మూర్తిగారు నవ్వి, తన మాట వెనక్కి తీసుకుంటున్నానని అందరి ముందూ ప్రకటించారు. నాకైతే ఈల వెయ్యాలనిపించింది. వేసవి రాకముందే ఆ ఇసుక మీద నెత్తళ్లు ఎండాయి, గూడూరు వ్యాన్లు వచ్చాయి.

ఆ ఉదంతం నేర్పింది ఇదీ. స్థలం శుభ్రపడలేదనే అధికారి, దేనితో పోల్చాడో ముందు చెప్పాలి. చెప్పలేకపోతే మీటరును పెట్టెలో పెట్టుకుని ఇంటికి వెళ్లాలి.