బాబాయి మీద కేసు, మా చేలో నీళ్లు

ఆ రోజుల్లో నా బాధను ఎవరైనా ఓపిగ్గా విని ఉంటే ఇప్పుడిలా రాసే పని ఉండేది కాదు. స్టేషన్లో సగమే విన్నారు. హైకోర్టు అసలు వినలేదు (నోటీసు పంపారు, నిజం చెప్పడానికి ప్లీడరెందుకని నేనే వెళ్లలేదు, అది వేరే సంగతి). మా అమ్మయితే నేను చెబుతుండగానే లేచి వెళ్లి బియ్యం కడుక్కునేది. కాబట్టి మీరైనా వినండి.

మా ఊరు అడవులదీవిలో మా చేనూ బాబాయి చేనూ పక్కపక్కనే. నాన్న పోయి వ్యవసాయం నా చేతికొచ్చిన ఏడాది, మధ్య గట్టును బాబాయి తన వైపు నుంచి జానెడు చెక్కేశాడు. అడిగితే, నాట్లేస్తున్న ఆడవాళ్లందరి ముందూ "పిల్లోడివి, గట్ల సంగతి నీకేం తెలుసురా, పోయి కాఫీ తాగు" అన్నాడు. గట్టు పోతే పోయింది, ఆ కాఫీ మాట మాత్రం నేను మర్చిపోలేదు. మర్నాడే అర్జీలు రాసే ఆయన దగ్గర కూర్చున్నాను. జానెడు గట్టంటే సివిల్ తగాదా అనీ, ప్రాణభయం ఉంటేనే పోలీసులు కదులుతారనీ ఆయన చెప్పాడు. అప్పుడు బాబాయి చేతిలో ఏముందని అడిగితే, పార అన్నాను. ఆయన తృప్తిగా తలాడించి 'మారణాయుధం' అని రాశాడు. నేను రెండుసార్లు చదువుకుని మరీ సంతకం పెట్టాను.

బాబాయి ముద్దాయి అయ్యాడు. పారను పోలీసులు పట్టుకెళ్లారు. ఆ సాయంత్రమే ఆయన మా గుమ్మంలోకొచ్చి, "వదినా, మీ పారొకసారి ఇస్తావా" అన్నాడు. ఫిర్యాదు చేసిన నేను ఇంట్లో ఉండగానే అమ్మ ఇచ్చింది.

కేసు రెండేళ్లు సాగింది. వాయిదాలకు ఇద్దరం ఒకే బస్సులో రేపల్లె వెళ్లేవాళ్లం, నేను ముందు సీట్లో, ఆయన వెనక సీట్లో. రెండో ఏడు కాలువకు నీళ్లు తగ్గాయి. చివరి భూములు మావి, వంతు ప్రకారం ఒక్క పూటే వదులుతారు. పైరు పొట్ట మీదుంది, ఆ తడి తప్పితే గింజ పట్టదు. సరిగ్గా మా వంతు రోజే వాయిదా పడింది. అమ్మ బతిమాలింది. నేను ఇస్త్రీ చొక్కా వేసుకుని కోర్టుకే వెళ్లాను. బస్సులో బాబాయి లేడు. భయపడి మానేశాడనుకుని సంబరపడ్డాను కూడా.

మేజిస్ట్రేట్ గారు కాగితం చూసి, ఇది సివిల్ తగాదా, దీనికి క్రిమినల్ రంగు పూశారని, బాబాయి వేసుకున్న పిటిషన్ మీద హైకోర్టు కేసు కొట్టేసిందని చెప్పారు.

"మరి నా ప్రాణభయం అండి?" అన్నాను.

"అది కూడా కొట్టేశారు" అన్నారావిడ, నవ్వాపుకుంటూ.

ఊరుకుంటానా. నకలు పట్టుకుని రైలెక్కి తెనాలిలో పేరున్న పెద్ద ప్లీడరు గారి దగ్గరికి పోయాను. ఆయన మొత్తం చదివి, పైరు ఏ దశలో ఉందని అడిగారు. పొట్ట మీదుందన్నాను.

"మరి ఇక్కడేం చేస్తున్నావయ్యా?"

జీవితంలో నాకు ఫీజు లేకుండా దొరికిన సలహా అదొక్కటే. పరుగున ఊరు చేరేసరికి పొద్దు వాలుతోంది. మా చేను నిండుగా తడిసి ఉంది. గట్టవతల బాబాయి చేను సగం కూడా తడవలేదు. ఆయన కాలువలో మా పార కడుగుతున్నాడు.

"తూము కట్టేశార్రా. నీది అందింది" అన్నాడు, తలెత్తకుండా.

ఆ కేసు కొట్టేసిన హైకోర్టు జడ్జిగారిని నేనెప్పుడూ చూడలేదు. కానీ ఏటా కొత్త బియ్యం వండిన రోజు ఆయన్ని తలుచుకుంటాను. నా మాట నమ్మి బాబాయిని జైల్లో పెట్టి ఉంటే నేను గెలిచేవాణ్ణే, ఆ రోజు మడికి నీళ్లు కట్టే మనిషే ఉండేవాడు కాదు. సివిల్ కోర్టుకు నేను వెళ్లలేదు. గట్టు ఇప్పటికీ జానెడు తక్కువే.

అయితే ఒక్క ఫిర్యాదు మిగిలింది. బాబాయ్, కేసు పోయిందని నీకు రెండు రోజుల ముందే తెలుసట. నాకు చెప్పలేదు, పోనీ. నీ చేను ఎండుతుంటే నా చేనుకు ముందెందుకు పెట్టావు? అడిగిన ప్రతిసారీ వాన సంగతి ఎత్తుతావు. నాకూ జుట్టు నెరుస్తోంది. ఇక వాయిదాలు వద్దు, జవాబు చెప్పు.