పోలమ్మ ముక్కు

2023 మే 9, మంగళవారం, మధ్యాహ్నం పన్నెండున్నర. సముద్రం పక్కనే ఉన్నా గాలి స్తంభించిన ఉక్క. ఆ వేళ జాలరిపేటలోని ఒక రేకుల షెడ్డులో చిత్రకారుడు బెన్సన్‌ను మొదటిసారి చూచాను. అతనికి బొమ్మ వేయడం అద్భుతంగా వచ్చును. ముగించడం మాత్రం రాదు.

ఎదుట కుర్చీలో, కాళ్లు పీటపై చాపుకొని, చేపలమ్మే ముసలి పోలమ్మ. ప్రక్కన ఖాళీ గంప. తైలవర్ణంలో ఆమె రూపం చూచి నేను అప్రయత్నంగా చెప్పులు విడిచాను. చెంపపై ఎండిన ఉప్పు మెరుపును ఏ రంగుతో తెచ్చాడో! అటువంటి పనితనం నా జన్మలో చూడలేదు.

"ఇక ప్రదర్శనకు పంపరాదా?" అన్నాను. నగర చిత్రప్రదర్శనకు పటాలు ఎంపిక చేసే బాధ్యత నాది.

"ముక్కు కుదర్లేదండి, మాస్టారూ."

"నా ముక్కేటి, ఓడేటి బాబూ? ఇన్నాళ్లు కడతన్నావ్!" అంది పోలమ్మ.

"కదలకు మామ్మా, ముక్కు జరిగిపోతాది!"

రేవులో ఓడ కూసేదాకా అతడు కుంచె ఎత్తడు. కూసిన పిదప కన్నులు మూసుకొని, ఒక్క గీత గీసి, మరొక ఓడకై ఎదురుచూస్తాడు. ఓడలు ఆలస్యమైతే కళయు ఆలస్యమే.

అతని పటం ఏనాడూ ఏ ప్రదర్శన గోడకూ ఎక్కలేదు. ఈసారి నడిమి గోడ అతనికే ఉంచాను. శనివారం దాటితే అది మరొకరిది.

శనివారం మధ్యాహ్నం వెళ్లాను. ఇంకను ముక్కే! కోపం పట్టలేక అతని చేయి పట్టుకొన్నాను. కుంచె నుండి ఒక చుక్క నా తెల్లని పంచెపై పడింది. కంగారుగా చూచుకొన్నాను. మరక లేదు. అది మంచినీరు!

"అరవకండి, మాస్టారూ," అన్నాడు గుసగుసగా. పోలమ్మ కుర్చీలో గుర్రు పెడుతోంది. "ముక్కు ఎప్పుడో అయిపోయింది. మామ్మకి మోకాళ్లు అరిగిపోనాయి. ఎండలో తిరగొద్దని డాక్టరు సెప్పీసేడు. ఊరికే కూకోమంటే కూకోదండి. నా పని పాడవుద్దంటే కూకుంటాది."

"మరి ఆ ఓడ కూత?"

"ఎండ దిగాలి గదండీ!"

"ఇది పంపి, మరొక బొమ్మ మొదలుపెట్టరాదటయ్యా?"

బెన్సన్ నోరు తెరిచాడు. అంతటి కళాకారునికి ఆ ఆలోచన తట్టనేలేదు!

పటం నడిమి గోడకెక్కింది. పోలమ్మ వచ్చి, ఎగాదిగా చూచి, "ముక్కు బాగానే ఉంది గదేటి! ఎందుకంత యాతన పడ్డావ్?" అని మందలించింది. నేటికీ ఆమె పొద్దుట, సాయంత్రం చేపలమ్ముతున్నది. మధ్యాహ్నం బెన్సన్ ఎదుట కూర్చుంటున్నది. ఈ బొమ్మలో చెవులు కుదరడం లేదట.